‘మాస్ మానిప్యులేషన్’ని బాక్సుల్లో పెట్టి వినే పద్ధతి

‘మాస్ మానిప్యులేషన్’ అంటే స్టీల్ పల్స్ అనే రెగ్గే బృందం 2019లో తెచ్చిన ఆల్బమ్. రెగ్గే జమైకాలో పుట్టిన సంగీతం. ఇది వినాలంటే ముందు ఫోన్ స్పీకర్ ఆపండి. రెగ్గేలో పాటని మోసేది బేస్ గిటారు. దాని అడుగు తీగ మోగేది 41 హెర్ట్జ్ దగ్గర, అంటే సెకనుకి 41 అదురులు. ఫోను అంత కిందికి దిగలేదు. చిన్న బాక్సులైనా సరే, లేదంటే మంచి హెడ్‌ఫోన్స్.

నాకు తిరుపతి కొర్లగుంటలో మైక్ సెట్టు ఉంది. పెళ్లిళ్లు, గంగమ్మ జాతర, వినాయక చవితి, ఇవే మన పని. మా మేనల్లుడు ఒకరోజు వచ్చి, "మామా, నీ బాక్సుల్లో ఇది విను" అని స్టీల్ పల్స్ వాళ్ల ఈ ఆల్బమ్ పెట్టాడు. నేను డీజే పాటలకి తిప్పినట్టే బేస్ మొత్తం తిప్పేశాను. రెండో పాటకే ఒక స్పీకర్ కోన్, అంటే లోపల అదిరే గరాటు, చిరిగింది. తప్పు నాదే. బేస్ రికార్డింగ్‌లోనే కావలసినంత ఉంది. బేస్, ట్రెబుల్ సరిచేసే ఈక్వలైజర్ మీటలన్నీ మధ్యలో పెట్టి, వాల్యూమ్ మెల్లగా పెంచండి.

ఇప్పుడు లెక్క. ఒకటి, రెండు, మూడు, నాలుగు అని తొడమీద వేయండి. పలకల మోతకి అలవాటుపడ్డ మన చెయ్యి ఒకటి మీదే గట్టిగా పడుతుంది. రెగ్గేలో ‘వన్ డ్రాప్’ అనే నడకలో ఆ ఒకటి ఖాళీ. డ్రమ్స్ దెబ్బ మూడు మీద పడుతుంది. రెండుకీ నాలుగుకీ గిటారు చటుక్కున మోగి ఆగిపోతుంది. నాకు ఇది పట్టుబడడానికి వారం పట్టింది, అదీ రోజూ షాపులో వైర్లు చుట్టుకుంటూ. అన్ని పాటలూ ఇలాగే నడవవు. కొన్నింట్లో కిక్, అంటే కాలితో కొట్టే పెద్ద డ్రమ్, నాలుగు లెక్కలకీ కొడుతుంది. అక్కడ కంగారుపడొద్దు.

వీళ్లది ఇంగ్లండ్‌లో బర్మింగ్‌హామ్, హ్యాండ్స్‌వర్త్ పేట. 1975లో మొదలైన బృందం. అందుకే కొత్తదాని కంటే ముందు 1978 నాటి ‘హ్యాండ్స్‌వర్త్ రెవల్యూషన్’లో ఆ పేరుతోనే ఉన్న పాట వినండి. వీళ్ల గాయకుడు డేవిడ్ హైండ్స్ కుర్ర గొంతు చెవిలో ఉండగానే 2019కి రండి. 2004 నాటి ఆల్బమ్ తర్వాత పదిహేనేళ్లకి తెచ్చిన ఆల్బమ్ ఇది, ఆయనకి అరవై దాటాక. గొంతు ముదిరింది, కోపం మాత్రం అలాగే ఉంది.

మొత్తం 17 పాటలు. ఒకేసారి వింటే అన్నీ ఒకటిగానే అనిపిస్తాయి. నేనైతే ‘రైజ్’, తర్వాత ‘క్రై క్రై బ్లడ్’ పెడతాను. ‘డోంట్ షూట్’కి మాత్రం పని పక్కన పెట్టి కూర్చోండి. నల్లవాళ్ల మీద పోలీసు తుపాకుల గురించిన పాట అది. మాటలు తెరమీద పెట్టుకుని చదవండి, ఆ యాసకి నా ఇంగ్లిష్ చాలలేదు. నేను చివర్లో పెట్టేది ‘హయ్యర్ లవ్’. అది స్టీవ్ విన్‌వుడ్ పాత పాట, వీళ్లు రెగ్గే నడకలోకి దించారు. నాకంత నచ్చలేదుగానీ మా ఆవిడకి అదొక్కటే ఇష్టం.

రాత్రి పది దాటితే హెడ్‌ఫోన్సే. మా పక్కింటి అవ్వకి పాట వినపడదట, మంచం మాత్రం అదురుతుందట.