గేమ్‌లో బ్యాన్ పడిందా? ఫార్మాట్ కొట్టించే ముందు మీ కంప్యూటర్ నంబర్లు ఇలా చూసుకోండి

“అన్నా, వాలరెంట్ బ్యాన్ అయింది. ఫార్మాట్ కొడితే పోతుందా?” నెల్లూరు, కావలి, ఒంగోలులో ఇంజినీరింగ్ చదివే పిల్లలు తరచూ అడిగే ప్రశ్న ఇది. వాలరెంట్ అంటే కంప్యూటర్‌లో ఆడే ఆన్‌లైన్ షూటింగ్ గేమ్. చాలాసార్లు పోదు. ఎందుకు పోదో తెలియాలంటే మీ కంప్యూటర్‌లో ఏయే నంబర్లు ఉంటాయో, వాటిలో ఏవి విండోస్‌తో పాటు మారతాయో, ఏవి మదర్‌బోర్డును అంటిపెట్టుకుని ఉంటాయో ఒకసారి కళ్లారా చూడాలి. పెద్ద పనేం కాదు. షాపులో డబ్బులు కట్టే ముందే ఇంట్లో కూర్చుని చేసుకోవచ్చు. సెకండ్‌హ్యాండ్ సిస్టమ్ కొనబోయేవాళ్లకూ ఇదే పద్ధతి పనికొస్తుంది.

ముందు స్క్రీన్ మీద ఏం రాసి ఉందో చదవండి

గేమ్ తెరుచుకోకపోతే అది బ్యాన్ అయిపోయినట్టు కాదు. వాలరెంట్‌లో వ్యాన్ 9001 అనో వ్యాన్ 9003 అనో కనిపిస్తే మిమ్మల్ని ఎవరూ శిక్షించలేదు. ఆ గేమ్‌లో చీటింగ్ జరగకుండా కాపలాగా ఉండే వ్యాన్‌గార్డ్ అనే ప్రోగ్రామ్, విండోస్ 11లో టీపీఎం 2.0 (రహస్య తాళం చెవులు దాచే భద్రతా భాగం), సెక్యూర్ బూట్ (నమ్మకమైన సాఫ్ట్‌వేర్‌తోనే కంప్యూటర్ లేచేలా చూసే సెట్టింగ్) ఆన్‌లో ఉండాలని అడుగుతుంది. అవి ఆఫ్‌లో ఉంటే ఈ ఎర్రర్లు వస్తాయి. వ్యాన్ 152 వస్తే మాత్రం బ్యాన్ మీ మెషీన్ మీదే పడిందని అర్థం.

నిన్నటిదాకా బాగా ఆడిన సిస్టమ్‌లో ఇవాళ ఉన్నట్టుండి 9003 ఎందుకొస్తుంది? మదర్‌బోర్డు మీద సీఆర్2032 అనే గుండ్రటి బ్యాటరీ ఉంటుంది, రూపాయి బిళ్లలాగా. అది అయిపోయినా, షాపులో మార్చినా బయోస్ (విండోస్ కంటే ముందు నడిచే మదర్‌బోర్డు ప్రోగ్రామ్) సెట్టింగులు మొదటికి వెళ్లిపోవచ్చు. అప్పుడు గడియారం కూడా పాత తేదీ చూపిస్తుంది. దాంతోపాటే సెక్యూర్ బూట్, టీపీఎం ఆఫ్ అయిపోతాయి. బయోస్ అప్‌డేట్ చేసినా ఇలా జరగొచ్చు. కుర్రాడేమో బ్యాన్ అయ్యానని టెన్షన్ పడి కొత్త అకౌంట్ తెరుస్తాడు, ఎర్రర్ మళ్లీ అదే వస్తుంది.

దీన్ని ఇలా తేల్చుకోండి. కీబోర్డులో విండోస్ బటన్, ఆర్ కలిపి నొక్కి, వచ్చిన చిన్న పెట్టెలో ఎంఎస్ఇన్ఫో32 అని ఇంగ్లీషు అక్షరాల్లో కలిపి టైప్ చేసి ఎంటర్ కొట్టండి. సిస్టమ్ ఇన్ఫర్మేషన్ తెరుచుకుంటుంది. అందులో రెండు వరుసలు చూడాలి: బయోస్ మోడ్, సెక్యూర్ బూట్ స్టేట్. తర్వాత అదే చిన్న పెట్టెలో టీపీఎం, చుక్క, ఎంఎస్‌సీ అని కొడితే టీపీఎం ఉందో లేదో, ఏ వెర్షనో చెబుతుంది. ఆఫ్‌లో ఉంటే బయోస్‌లోకి వెళ్లి ఆన్ చేయాలి. అక్కడ ఇంటెల్ బోర్డుల్లో దాన్ని పీటీటీ అని, ఏఎండీ బోర్డుల్లో ఎఫ్‌టీపీఎం అని రాస్తారు.

రెండు జాగ్రత్తలు. బయోస్ మోడ్ దగ్గర లెగసీ (పాత పద్ధతి) అని ఉంటే సెక్యూర్ బూట్ జోలికి మీ అంతట మీరు వెళ్లకండి, విండోస్ లేవకుండా పోయే ప్రమాదం ఉంది. తెలిసినవాళ్ల చేత డిస్క్ పద్ధతి మార్పించుకున్నాకే ఆన్ చేయాలి. ఇక బిట్‌లాకర్ (డిస్క్‌కు తాళం వేసే విండోస్ సదుపాయం) ఆన్‌లో ఉంటే, బయోస్ ముట్టుకునే ముందే రికవరీ కీ కాగితం మీద రాసుకోండి.

బ్యాన్ దేని మీద పడింది?

నిజంగానే బ్యాన్ అయితే అది నాలుగింటిలో ఒకదాని మీద పడి ఉంటుంది: అకౌంట్, ఫోన్ నంబరు, మెషీన్, ఇంటర్నెట్ ఐపీ (నెట్‌లో మీ కనెక్షన్ చిరునామా).

ఎక్కువగా పడేది అకౌంట్ మీదే. వాల్వ్ కంపెనీ నడిపే గేమ్‌ల స్టోర్ స్టీమ్‌లో వాక్ (చీటింగ్ పట్టే వ్యవస్థ) బ్యాన్ అంటారే, అది పడితే శాశ్వతం. పొరపాటున వేశామని వాల్వ్ కంపెనీకే తేలితే తప్ప తీయరు. మీ స్టీమ్ ఫ్యామిలీలో తమ్ముడు మీ గేమ్ కాపీతో ఆడుతూ చీట్ చేస్తే ఆ గేమ్‌లో మీక్కూడా బ్యాన్ పడుతుంది. ఇంట్లో ఇద్దరు ముగ్గురు ఒకే లైబ్రరీ వాడుకుంటుంటే ఈ సంగతి ముందే మాట్లాడుకోండి. ఒకే ఫోన్ నంబరుతో రెండు అకౌంట్లు నడిపేవాళ్లకు స్టీమ్‌లో ఇంకో చిక్కుంది. ఒకదాని మీద వాక్ బ్యాన్ పడితే రెండోదానికీ పడొచ్చు.

ఐపీ విషయంలో మన దగ్గర అనవసరంగా భయపడుతుంటారు. ఇప్పుడు చాలా ఇంటర్నెట్ కంపెనీలు ఒకే బయటి ఐపీని చాలా ఇళ్లకు కలిపి ఇస్తాయి. మీ రౌటర్ పేజీలో డబ్ల్యూఏఎన్ ఐపీ అన్నచోట నంబరు 100.64కూ 100.127కూ మధ్యలో మొదలైతే మీదీ ఆ కోవే. దర్గామిట్టలో మీరు, వేదాయపాళెంలో ఇంకెవరో బయటికి ఒకే చిరునామాతో కనిపించవచ్చు. అందుకే ఐపీ ఒక్కదాన్ని పట్టుకుని మనిషిని గుర్తించడం కుదరదు. రౌటర్ ఆపి ఆన్ చేస్తే బ్యాన్ పోతుందనే మాటలో పస లేదు.

ఇంట్లో పెద్దవాళ్లు ఇంకో బ్యాన్‌తో దీన్ని కలిపేస్తుంటారు. 2020 సెప్టెంబరు 2న పబ్‌జీ మొబైల్‌ను ఆపింది కేంద్ర ప్రభుత్వం. డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను దేశమంతా నిషేధిస్తూ 2025లో చట్టం తెచ్చిందీ ప్రభుత్వమే. అవి దేశంలో అందరికీ వర్తిస్తాయి. మనం మాట్లాడుకుంటున్నది ఒక గేమ్ కంపెనీ ఒక ఆటగాడి మీద వేసే బ్యాన్. దీంతో పోలీసులకు సంబంధం లేదు, కేసూ ఉండదు. పిల్లవాడికి బ్యాన్ పడిందని వినగానే ఆ భయం పెట్టుకోకండి.

మెషీన్ నంబర్లు చూసే పద్ధతి

స్టార్ట్ బటన్ మీద మౌస్ కుడివైపు నొక్కండి. విండోస్ 11లో టెర్మినల్ అడ్మిన్, విండోస్ 10లో పవర్‌షెల్ అడ్మిన్ అని కనిపిస్తుంది. అది తెరిచి, అడిగితే యెస్ నొక్కండి. కింద చెప్పే కమాండ్లన్నీ ఇంగ్లీషు అక్షరాల్లోనే టైప్ చేయాలి. పాత వీడియోల్లో డబ్ల్యూఎంఐసీ అనే కమాండ్ చెబుతుంటారు. కొత్త విండోస్ 11లో అది ముందుగా వేసి ఉండదు కాబట్టి పని చేయకపోతే కంగారు పడొద్దు.

మొదట హార్డ్‌డిస్క్. గెట్, చిన్న గీత, డిస్క్, మధ్యలో ఖాళీ లేకుండా కొట్టి ఎంటర్ నొక్కండి. డిస్క్ పేరు, పక్కనే సీరియల్ నంబరు వస్తాయి.

తర్వాత నెట్‌వర్క్ కార్డు. గెట్‌మ్యాక్ అని కలిపి కొట్టండి. రెండేసి అక్షరాలుగా విడగొట్టిన పన్నెండు అక్షరాల చిరునామా వస్తుంది. అందులో మొదటి ఆరు ఆ కార్డు తయారుచేసిన కంపెనీని చెబుతాయి. వైఫైలో ర్యాండమ్ హార్డ్‌వేర్ అడ్రస్ అనే సెట్టింగ్ ఆన్‌లో ఉంటే ఇక్కడ కనిపించేది కార్డు అసలు నంబరు కాకపోవచ్చు.

ఇక అసలైనది మదర్‌బోర్డు. గెట్, చిన్న గీత, దానికి ఆనించి సిమ్‌ఇన్‌స్టాన్స్ (సీ, ఐ, ఎం అక్షరాలకు కలిపి ఇన్‌స్టాన్స్), ఒక ఖాళీ, విన్32, అండర్‌స్కోర్, బేస్‌బోర్డ్. ఎంటర్ కొడితే కంపెనీ, మోడల్, సీరియల్ వస్తాయి. అదే కమాండ్‌లో బేస్‌బోర్డ్ తీసేసి బయోస్ అని పెడితే ల్యాప్‌టాప్‌లలో అడుగున స్టిక్కర్ మీదుండే సీరియల్ కనిపిస్తుంది. డెల్ అయితే ఏడు అక్షరాల సర్వీస్ ట్యాగ్. చివరగా బయోస్ బదులు కంప్యూటర్‌సిస్టమ్‌ప్రొడక్ట్ అని కలిపి రాసి, ఖాళీ, నిలువు గీత, ఖాళీ, ఎఫ్‌ఎల్, ఖాళీ, యూయూఐడీ అని కొట్టండి. 32 అక్షరాల పొడవాటి నంబరు వస్తుంది. సిస్టమ్ మొత్తానికి గుర్తింపుగా వాడేది ఇదే.

ఇక్కడొకటి జాగ్రత్తగా చూడండి. చౌక బోర్డులతో అసెంబుల్ చేసిన సిస్టమ్‌లలో సీరియల్ ఉండాల్సినచోట “టు బి ఫిల్డ్ బై ఓఈఎం” అనో “డిఫాల్ట్ స్ట్రింగ్” అనో కనిపిస్తుంటుంది. అంటే ఫ్యాక్టరీలో ఆ గడి నింపకుండానే పంపేశారు. యూయూఐడీ 03000200-0400-0500-0006-000700080009 అని వస్తే అదీ నింపని నంబరే, ఎన్నో బోర్డుల్లో అచ్చం ఇలాగే ఉంటుంది. ఇలాంటి బోర్డు మీదై, మీరేమీ చేయకుండా మెషీన్ బ్యాన్ పడితే, ఈ స్క్రీన్ ఫొటో మీ అప్పీలులో చాలా ముఖ్యమైన ఆధారం. తప్పకుండా తీసి పెట్టుకోండి.

ఫార్మాట్ ఎందుకు పని చేయదు

సెట్టింగ్స్‌లో సిస్టమ్, అబౌట్ అన్నచోట డివైస్ ఐడీ అని ఉంటుంది. చాలామంది దాన్నే హార్డ్‌వేర్ ఐడీ అనుకుంటారు. కాదు, అది విండోస్ తనకు తాను పెట్టుకున్న పేరు, కొత్తగా విండోస్ వేస్తే మారిపోతుంది. సీ డ్రైవ్ వాల్యూమ్ నంబరూ ఫార్మాట్‌తో మారుతుంది. కానీ మీరు ఇందాక చూసిన డిస్క్ సీరియల్, బోర్డు సీరియల్, యూయూఐడీ, టీపీఎం లోపలి తాళం చెవి, ఇవన్నీ ఫ్యాక్టరీలో పెట్టినవి. ఎన్నిసార్లు ఫార్మాట్ కొట్టినా చెక్కుచెదరవు. వీటిలో ఏయే నంబర్లు కలిపి మెషీన్‌ను గుర్తిస్తారో గేమ్ కంపెనీలు బయటపెట్టవు. అందుకే ఒక హార్డ్‌డిస్క్ మార్చి చూద్దామని ఖర్చు పెట్టడం నాకు సరిగా అనిపించదు.

ఆ నంబర్లు మార్చేస్తామని స్పూఫర్లు అమ్మేవాళ్లు టెలిగ్రామ్‌లో, డిస్కార్డ్‌లో తిరుగుతుంటారు. వాటిని వేయకండి. అవి పని చేయాలంటే ముందు విండోస్ యాంటీవైరస్ డిఫెండర్‌ను ఆపమంటారు, సెక్యూర్ బూట్ తీసేయమంటారు. విండోస్ గుండెకాయలోకి ఒక తెలియనివాడి ప్రోగ్రామ్‌ను పంపిస్తున్నారన్నమాట. అదే కంప్యూటర్‌లో మీ నాన్నగారి బ్యాంకు పాస్‌వర్డ్ ఉంటుంది. పైగా దొరికితే బ్యాన్ ఇంకా గట్టిపడుతుంది. అన్‌బ్యాన్ చేస్తామని యూపీఐలో డబ్బు తీసుకుని మాయమయ్యేవాళ్లూ ఉన్నారు. అలా పోగొట్టుకుంటే వెంటనే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి. ఎంత త్వరగా చేస్తే డబ్బు ఆగే అవకాశం అంత ఎక్కువ. మీ సీరియల్ నంబర్లున్న స్క్రీన్‌షాట్లను వాట్సాప్ గ్రూపుల్లో కూడా పెట్టకండి.

సెకండ్‌హ్యాండ్ కొనేటప్పుడు

మెషీన్ బ్యాన్ మనిషితో పోదు, మెషీన్‌తోనే ఉండిపోతుంది. గేమింగ్ సెంటర్లు మూతపడ్డప్పుడు అమ్మే సిస్టమ్‌లు చూడటానికి బాగుంటాయి. ఎంతమంది ఏమేం ఆడారో ఎవరికీ తెలియదు. డబ్బు చేతిలో పెట్టక ముందే, అమ్మే మనిషి ఎదుటే, ఆయన అకౌంట్‌తోనే మీరు ఆడే గేమ్ ఒకసారి తెరిపించి ఒక మ్యాచ్ ఆడించండి. మీ అకౌంట్ మాత్రం అందులో వేయకండి. పై కమాండ్లు కొట్టి వచ్చిన సీరియల్ నంబర్లు బిల్లు మీద, బిల్లు లేకపోతే తెల్లకాగితం మీదైనా రాయించి సంతకం పెట్టించుకోండి. తర్వాత దొంగ సరుకని తేలితే ఆ కాగితం పనికొస్తుంది.

అప్పీలు ఎలా రాయాలి

తప్పు చేయలేదని మీకు గట్టి నమ్మకం ఉంటే ఆ గేమ్ సపోర్ట్ పేజీలో టికెట్ పెట్టండి. కోపంగా రాయొద్దు, బతిమాలొద్దు. అకౌంట్ పేరు, బ్యాన్ పడిన తేదీ, భారత కాలమానంలో టైము, ఎర్రర్ కోడ్, దాని ఫొటో ఇవ్వండి. ఆ సమయంలో వెనకాల ఏయే ప్రోగ్రామ్‌లు నడుస్తున్నాయో దాచకుండా రాయండి. మౌస్ మ్యాక్రోలు, ఆటోహాట్‌కీ (కీలు వాటంతట అవే నొక్కించే ప్రోగ్రామ్), లైట్లు మార్చే సాఫ్ట్‌వేర్, ఏదైనా సరే. అన్న గానీ ఫ్రెండ్ గానీ అదే సిస్టమ్ మీద ఆడితే అదీ చెప్పండి. ఈమధ్యే సెకండ్‌హ్యాండ్‌లో కొంటే కొన్న కాగితం జత చేయండి. సీరియల్ నంబర్లు వాళ్లు అడిగితేనే, ఆ టికెట్‌లోనే ఇవ్వండి. ఒకే విషయం మీద పది టికెట్లు పెట్టొద్దు. టికెట్ నంబరు రాసి పెట్టుకోండి. జవాబు వచ్చేదాకా ఆ మెషీన్ మీద కొత్త అకౌంట్ తెరవకండి. తెరిస్తే బ్యాన్ తప్పించుకోవడానికి చూస్తున్నారని దాన్నీ మూసేయొచ్చు.