మే నెలలో కస్టర్డ్ కేకు చేసే ముందు

మా ఆడపడుచు కూతురి పుట్టినరోజు మే మూడో వారంలో వస్తుంది. వేసవి సెలవులు, ఇంటినిండా పిల్లలు, బయట 43 డిగ్రీల ఎండ. నాలుగేళ్ల కిందట ఆ పిల్ల ముచ్చటపడి అడిగిందని స్పాంజ్ కేకు మధ్యలో కస్టర్డ్ పెట్టి, పైన జీడిపప్పు పాకం పలుకులు చల్లి చేశాను. ముందురోజు రాత్రి లీటరు పాలతో కస్టర్డ్ కాచి, లోతైన స్టీలు గిన్నెలో పోసి, మూతపెట్టి ఫ్యాను కింద ఉంచాను. "వేడివేడిది ఫ్రిజ్‌లో పెట్టకమ్మా, చల్లారాక పెడుదువుగాని" అన్నారు అత్తయ్య. నాకూ అదే సబబనిపించింది. తెల్లారి ఐదింటికి లేచి గరిటె పెట్టి చూస్తే గిన్నె మధ్యలో ఇంకా గోరువెచ్చగానే ఉంది. వాసన బాగుంది, రుచీ బాగుంది. అప్పుడు తీసి ఫ్రిజ్‌లో పెట్టాను. ఆ రాత్రి పదింటికల్లా ముగ్గురు పిల్లలకి వాంతులు మొదలయ్యాయి. అందరికన్నా చిన్నవాడికి సెలైన్ ఎక్కించాల్సి వచ్చింది.

అప్పట్నుంచి ఈ కేకు మానలేదు. కానీ చేసే పద్ధతి పూర్తిగా మార్చుకున్నాను. పిల్లల సెలవుల్లో ఇది చేయాలనుకుంటున్నవాళ్లు పిండి కొలతలకన్నా ముందు ఇవి చూసుకోండి.

అన్నిటికన్నా ముఖ్యం కస్టర్డ్. పాలు, పంచదార, పిండి, తేమ కలిసిన పదార్థం అది. సూక్ష్మజీవులకి అంతకన్నా మంచి మేత ఉండదు. 5 డిగ్రీలకీ 60 డిగ్రీలకీ మధ్య ఉన్నంతసేపూ అవి పెరుగుతూనే ఉంటాయి. మామూలు రోజుల్లో ఇలాంటి పదార్థం బయట రెండు గంటలకు మించి ఉండకూడదంటారు. గది వేడి 32 డిగ్రీలు దాటితే ఒక్క గంటే. మే నెలలో మన వంటింట్లో 32 డిగ్రీల లోపు ఎప్పుడుంటుంది చెప్పండి, తెల్లవారుజామున తప్ప!

"మేం గుడ్డు వెయ్యం, కస్టర్డ్ పౌడరే కదా, ఏమీ కాదు" అనేవాళ్లు చాలామంది ఉన్నారు. కస్టర్డ్ పౌడర్ పుట్టిందే గుడ్డు పడనివాళ్ల కోసం. 1837లో బర్మింగ్‌హామ్‌లో ఆల్ఫ్రెడ్ బర్డ్ అనే ఆయన, భార్యకి గుడ్డు పడదని మొక్కజొన్న పిండితో దాన్ని తయారుచేశాడు. గుడ్డు లేకపోయినా అందులో పాలున్నాయి, పిండి ఉంది, కలిపే చెయ్యి ఉంది. చేతి మీదా ముక్కులోనూ ఉండే స్టెఫైలోకాకస్ అనే బ్యాక్టీరియా ఇలాంటి తీపి పాలపదార్థాల్లో చేరి విషం తయారుచేస్తుంది. ఆ విషం మరిగించినా పోదు. అందుకే "అనుమానంగా ఉంది, మళ్లీ ఒకసారి కాచేద్దాం" అన్న ఉపాయం ఇక్కడ పనిచెయ్యదు. వాసనతోనూ తెలియదు. అంత వాసన చూసి కూడా ఆ రోజు నాకేమీ తెలియలేదు.

కాబట్టి కస్టర్డ్ దించిన నిమిషం గుర్తుపెట్టుకోండి. నేను గోడ గడియారం చూసి ఫ్రిజ్ తలుపు మీద కాగితం అంటించి రాసుకుంటాను. అర లీటరు పాలకి 5 టేబుల్ స్పూన్ల కస్టర్డ్ పౌడర్ అయితే కేకు మధ్యలో నిలబడేంత గట్టిగా వస్తుంది. పౌడర్‌ని ముందు చల్లటి పాలలో ఉండల్లేకుండా కలుపుకోవాలి. కాగే పాలలో పోశాక చిక్కబడగానే దించెయ్యకండి. బుడగలు వచ్చాక ఇంకో రెండు నిమిషాలు అడుగంటకుండా తిప్పుతూ ఉడకనివ్వాలి. గుడ్డు సొన వేసేవాళ్లు ఈ రెండు నిమిషాలూ అసలు తగ్గించకూడదు. సొనలో ఉండే ఒక ఎంజైము పిండిని కరిగించేస్తుంది. సరిగా మరిగితేనే అది చస్తుంది. లేకపోతే రాత్రి గట్టిగా ఉన్న కస్టర్డ్ పొద్దుటికి నీళ్లోడుతుంది.

దించాక లోతు గిన్నె వద్దు. కడిగి తుడిచి ఆరబెట్టిన వెడల్పాటి పళ్లెంలో రెండు వేళ్ల మందానికి మించకుండా పరవండి. ఇడ్లీపాత్ర మూతంత పెద్ద బేసిన్‌లో ఐసుముక్కలూ నీళ్లూ పోసి, ఆ పళ్లెం అందులో తేలేలా ఉంచండి. నీళ్లు లోపలికి చిమ్మకుండా చూసుకుంటూ పది నిమిషాలు గరిటెతో మెల్లగా తిప్పితే పొగ పోయి, పళ్లెం అడుగు తాకితే చల్లగా అనిపిస్తుంది. ఆ వెంటనే మీగడ కట్టకుండా పైన అంటుకునేలా ప్లాస్టిక్ పొర వేసి ఫ్రిజ్‌లో లోపలి వైపు పెట్టెయ్యండి, తలుపు అరలో కాదు. అత్తయ్య మాటలో కొంత నిజం ఉంది. లీటరు వేడి గిన్నె అలాగే పెడితే ఫ్రిజ్ లోపలి వేడి పెరిగి పక్కనున్న పాలు, పెరుగు కూడా పాడవుతాయి. దానికి మందు ఐసునీళ్లే. రాత్రంతా బయట వదిలెయ్యడం మాత్రం కాదు.

ఇక ఫ్రిజ్ సంగతి. సెలవుల్లో పిల్లలు చల్లనీళ్ల కోసం నిమిషానికోసారి తలుపు తీస్తారు. ఆ రెండు రోజులూ తాగే నీళ్లకి కుండ పెట్టండి. కరెంటు పోతే తలుపు తియ్యకుండా ఉంచితే లోపలి చల్లదనం నాలుగు గంటల దాకా నిలుస్తుంది. అంతకు మించి పోయిందంటే కస్టర్డ్ పారబొయ్యండి. పాల ఖరీదు చూసుకుని మనసు ఒప్పుకోదు, నాకు తెలుసు. ఆసుపత్రి వరండాలో కూర్చున్న రాత్రి గుర్తొస్తే నా చెయ్యి దానంతటదే సింకు వైపు పోతుంది.

స్పాంజ్ గురించి పెద్దగా చెప్పేదేమీ లేదు, ఎవరి కొలత వాళ్లకుంటుంది. నేను నాలుగు గుడ్లకి 120 గ్రాముల పంచదార, 120 గ్రాముల మైదా వేస్తాను. గుడ్లు మాత్రం ఎండలో వాకిట్లో ట్రేలు పేర్చిన కొట్టులో కొనకండి. పెంకు చిట్లినవి తీసి పక్కన పెట్టెయ్యండి. నీళ్లలో వేస్తే తేలిన గుడ్డు పాతది, నిజమే. కానీ మునిగినంత మాత్రాన అది మంచిదని హామీ లేదు. ప్రతి గుడ్డునీ విడిగా చిన్న గిన్నెలో కొట్టి చూశాకే కలపండి. గుడ్డు ముట్టుకున్న చేతిని సబ్బుతో కడిగాకే మిగతా పనులు. పచ్చి పిండి నాకడం పిల్లలకి సరదాయే, కానీ పచ్చి గుడ్డూ పచ్చి మైదా రెండూ కడుపుకి మంచివి కావు. గిన్నె వాళ్లకి అందకుండా నేరుగా నీళ్లలో వెయ్యండి.

ఓటీజీలో, అంటే చిన్న కరెంటు ఓవెన్‌లో, చేసేవాళ్లు ప్లగ్గు చూసుకోండి. 1500 వాట్ల ఓటీజీ 230 వోల్టుల దగ్గర 6.5 ఆంపియర్లు లాగుతుంది. మామూలు చిన్న సాకెట్టు 6 ఆంపియర్లది. దానికి ఎక్స్‌టెన్షన్ బోర్డు తగిలించి, అదే బోర్డుకి మిక్సీ కూడా పెట్టారంటే వైరు వేడెక్కి కరుగుతుంది. ఏసీకి, గీజరుకి ఇచ్చే 16 ఆంపియర్ల సాకెట్టుకే పెట్టాలి. కుక్కర్‌లో చేసేవాళ్లు మూతకున్న రబ్బరు, పైనున్న విజిల్ రెండూ తీసేశారా అని పొయ్యి వెలిగించే ముందు చేత్తో తడిమి చూసుకోండి. అడుగున ఇసుకో ఉప్పో పోసి, స్టాండు పెట్టి, సన్నని మంట మీదే ఉంచాలి. నీళ్లు లేకుండా కాల్చడం కుక్కర్‌కి మంచిది కాదు. అందుకే పప్పు ఉడికించే కుక్కర్ కాకుండా పాతదొకటి దీనికే కేటాయించండి. నాన్‌స్టిక్ పాత్రనైతే ఉత్తగా వేడెక్కించనే వద్దు. కేకు గాజుపాత్రలో చేస్తే బయటికి తీసి తడి గ్రానైటు గట్టు మీద దించకండి, టప్పుమని పగులుతుంది. పొడిగుడ్డ మీద దించండి.

ఒక విషయం వేసవిలోనే ఎదురవుతుంది. కేకు చల్లారిందనుకుంటాం, కానీ 38 డిగ్రీల గదిలో అది 38 డిగ్రీల దగ్గరే ఆగుతుంది. అలాంటి దాని మధ్యలో చల్లటి కస్టర్డ్ పెడితే అరగంటలో జారిపోతుంది. స్పాంజ్‌ని గుడ్డలో చుట్టి డబ్బాలో పెట్టి, అరగంట ఫ్రిజ్‌లో ఉంచాకే అడ్డంగా కొయ్యండి.

పాకం దగ్గరే చేతులు కాలేది. జీడిపప్పు పాకం చేయడం మనకి కొత్త కాదు కాబట్టి భయం ఉండదు, అదే చిక్కు. కేకు మీదకి ముదురు పాకం కావాలి. చల్లనీళ్లలో ఒక చుక్క వేసి, తీసి పళ్లెం మీద వేస్తే టంగుమనాలి. పంచదార రంగు మారి బంగారు వన్నెకి వచ్చేటప్పటికి దాని వేడి 170 డిగ్రీల దగ్గర ఉంటుంది. మరిగే నీటికన్నా 70 డిగ్రీలు ఎక్కువ. పైగా నీళ్లలా జారిపోదు, చర్మానికి అతుక్కుంటుంది. గాజులు, ఉంగరాలు తీసెయ్యండి, కాలి వాచిందంటే తరవాత రావు. పిల్లల్ని వంటింటి గడప బయటే ఆపండి. ముదిరిన పాకంలో చన్నీళ్లు చిలకరించకండి, మొహం మీదకి చిమ్ముతుంది. వేయించిన జీడిపప్పు కలిపి, నెయ్యి రాసిన స్టీలు పళ్లెంలో పొయ్యండి. వేలితో సర్దకండి, అట్లకాడ వాడండి.

కాలితే టూత్‌పేస్టు, నెయ్యి, పసుపు ఏమీ రాయొద్దు. 20 నిమిషాలు చల్లటి నీళ్ల కింద పెట్టడమే ప్రథమ చికిత్స. ఐసు నేరుగా పెట్టొద్దు. మే నెలలో ఇక్కడో చిక్కుంది. మధ్యాహ్నం కుళాయి తిప్పితే మేడ మీది ట్యాంకులో కాగిన నీళ్లొస్తాయి. అందుకే పాకానికి పంచదార కొలిచేముందే నీడలో ఉంచిన బిందెడు నీళ్లు, ఒక చెంబు పొయ్యికి రెండడుగుల దూరంలో తెచ్చి పెట్టుకోండి. బొబ్బ అరచేతికన్నా పెద్దదైనా, మొహం మీదైనా, పసిపిల్లలకైనా ఆలస్యం చెయ్యకుండా డాక్టరు దగ్గరికి వెళ్లాలి.

పప్పుల విషయంలో వచ్చే పిల్లల తల్లుల్ని ముందురోజే ఫోను చేసి అడగండి. "మీవాడికి జీడిపప్పు, బాదం, పల్లీలు పడతాయా వదినా?" అంటే ఎవరూ ఏమీ అనుకోరు. జీడిపప్పు పడనివాళ్లకి పిస్తా కూడా పడకపోవడం మామూలే. పల్లీల జాతి వేరు, అయినా విడిగా అడగాల్సిందే. పడని పిల్లలకి అదే చాకుతో కోసిన ముక్క కూడా ఇవ్వకూడదు. తిన్నాక దద్దుర్లు లేచి, పెదవులు వాచి, ఊపిరిలో పిల్లికూతలు వినిపిస్తే క్షణం ఆగకుండా 108కి ఫోను చెయ్యండి. ఐదేళ్లలోపు పిల్లలకి గొంతులో అడ్డం పడే ప్రమాదం ఉంది, గట్టి పాకం పలుకులు వాళ్లకి వద్దు. పప్పు మెత్తగా పొడిచేసి చల్లండి. పలాస నుంచి ఎవరైనా తెచ్చిన జీడిపప్పైనా సరే, ఏడాదిగా డబ్బాలో ఉంటే ఒకటి కొరికి చూడండి. పాత నూనె వాసనొస్తే కేకంతా అదే వాసనేస్తుంది. పల్లీల్లో బూజు కనిపిస్తే ఆ పొట్లమంతా పారెయ్యాలి. బూజు చేసే అఫ్లాటాక్సిన్ అనే విషం వేయించినా పూర్తిగా పోదు.

మరి ఎప్పుడేది చెయ్యాలి? రాత్రి ఏడింటికి కేకు కట్ చేస్తారనుకుందాం. స్పాంజ్ ముందురోజు సాయంత్రమే చేసేస్తాను. ఆ రోజు పొద్దున్నే ఆరింటికి, వంటిల్లు కాస్త చల్లగా ఉన్నప్పుడు కస్టర్డ్. ఏడుకల్లా అది ఫ్రిజ్‌లో ఉంటుంది. తరవాత పాకం చేసి, చల్లారాక పలుకులుగా కొట్టి, గాలి చొరని డబ్బాలో. మధ్యాహ్నం మూడింటికి కస్టర్డ్ నింపి మళ్లీ ఫ్రిజ్‌లోకి. పాకం పలుకులు మాత్రం కేకు బయటికి తీశాకే చల్లుతాను. ముందే చల్లితే ఫ్రిజ్ తేమకి చెమ్మగిల్లి జిగటగా అయిపోతాయి.

మన ఇళ్లల్లో ఏడన్నది ఎనిమిదిన్నర అవుతుంది. పెదనాన్నగారు రావాలి, ఫొటోలవాడు రావాలి. అందరూ వచ్చి కూర్చునేదాకా కేకు ఫ్రిజ్‌లోనే ఉండాలి. బల్ల మీద పెట్టి ఎదురుచూడొద్దు. తీసిన నిమిషం నుంచి గంట లెక్క. ఆ గంటలో తినగా బల్ల మీద మిగిలింది ఎవరికీ పొట్లం కట్టి పంపకండి. ఆటోలో ఇంటికెళ్లి, పొద్దున టిఫినప్పుడు తీసి తింటారు. పంపాలనుంటే కస్టర్డ్ పెట్టని స్పాంజ్ ముక్కలు కొన్ని విడిగా ఉంచుకోండి. నేను నాలుగు గుడ్ల కొలతని ఐదు చేసింది అందుకే. బల్ల మీదికి తేకుండా ఫ్రిజ్‌లోనే ఉంచేసిన సగం కేకు మర్నాటి సాయంత్రం దాకా తినొచ్చు, ఆ తరవాత వద్దు.