కథలో శబ్దానికి కొత్త సూత్రం పెడుతున్నారా?

ఫాంటసీ కథలు రాసేవాళ్లకు ఒక చిట్కా. మీ లోకంలో శబ్దానికి కొత్త సూత్రం కావాలంటే ఒక్క అంకె మార్చండి, మిగతాదంతా దాని వెంటే నడవనివ్వండి. సూత్రాన్ని పాత్రల చేత వివరంగా చెప్పించొద్దు, జరుగుతుంటే చూపించండి.

మన గాలిలో 20 డిగ్రీల దగ్గర శబ్దం సెకనుకు సుమారు 343 మీటర్లు పోతుంది. నా లోకంలో చీకటి పడగానే అది 34కి పడిపోతుంది. తిరుపతిలో కపిలతీర్థం మెట్ల మీద కూర్చుని లెక్కేశాను. 100 మీటర్ల అవతల ఎవరో టెంకాయ కొడితే చిప్పలు విడిపోవడం ముందు కనిపిస్తుంది, ‘ఠప్’ మనేది దాదాపు 3 సెకన్ల తర్వాత చెవిన పడుతుంది. ఆలోగా ఆయన చిప్పలు కళ్లకద్దుకుని పక్కకు తిరిగేశాడు! ఇంక వాళ్లమ్మ కేక అందేసరికి పిల్లాడు వీధి మలుపు దాటిపోయుంటాడు. నా కథకు మొదటి సీన్ అక్కడే దొరికింది.