పొగ పోయాక లోపలికి తెచ్చే బొగ్గులు: చలికాలం ముందు కొన్ని జాగ్రత్తలు

ప్రతి చలికాలం ఒక వార్త వస్తుంది. ఊరి పేరు మారుతుంది, మనుషుల లెక్క మారుతుంది, మిగతాదంతా అదే. చలికి ఓర్చుకోలేక గదిలో బొగ్గుల కుంపటి పెట్టుకున్నారు, తలుపులు బిగించుకుని పడుకున్నారు, తెల్లారి ఎవరూ తలుపు తీయలేదు. ఈ ఏడూ వచ్చింది. మా చుట్టాల వాట్సాప్ గ్రూపులో ఎవరో పెడితే కింద వరసగా దండాల బొమ్మలు పెట్టారు. ఒకాయన మాత్రం "అవన్నీ ఉత్తరాది గోలలు, మన సిక్కోల్లో అంత సలెక్కడిది" అన్నాడు, సిక్కోలంటే మా శ్రీకాకుళమే. ఆ మాట చూశాకే ఇది రాయడానికి కూర్చున్నాను.

నేను సైన్యంలో పదిహేడేళ్ళు చేశాను. అందులో ఆరు చలికాలాలు కాశ్మీర్, లడఖ్ వైపే గడిచాయి. స్వెట్టర్ వేసుకోండి, చెవులకి మఫ్లర్ చుట్టుకోండి అని నేను చెప్పను. అవి మీ అమ్మగారు చెప్తారు.

అసలు చలి ఎందుకు

సూర్యుడు దూరంగా పోతాడు కాబట్టి చలి అనుకునేవాళ్ళు చదువుకున్నవాళ్ళలో కూడా ఉన్నారు. నిజానికి భూమి సూర్యుడికి బాగా దగ్గరగా ఉండేది జనవరి మొదటి వారంలోనే, సుమారు 14.7 కోట్ల కిలోమీటర్లు. జులై మొదట్లో 15.2 కోట్లు. తేడా అంతా భూమి ఒరిగి తిరగడంలో ఉంది. ఆ ఒరుగు 23.4 డిగ్రీలు.

అరసవల్లి సూర్యదేవుడి గుడికి వెళ్ళినవాళ్ళకి ఇది సులువుగా తెలుస్తుంది. అక్టోబరు మొదట్లో ఒకసారి, మార్చి రెండో వారంలో ఒకసారి పొద్దున్నే కిరణాలు స్వామి పాదాల మీద పడతాయి. దక్షిణానికి జరుగుతూ పోయేటప్పుడు ఒకసారి, తిరిగి వచ్చేటప్పుడు ఒకసారి సూర్యుడు ఇంచుమించు ఒకే చోట ఉదయిస్తాడు. ఆ రెండు రోజుల మధ్య కాలమే మన చలికాలం. మే రెండో వారంలో మిట్టమధ్యాహ్నం నడినెత్తిన నిలిచేవాడు, డిసెంబరు 21కి శ్రీకాకుళంలో 48 డిగ్రీల ఎత్తుకి దిగిపోతాడు. ఏటవాలుగా పడే ఎండ పలచబడుతుంది, పగలు 11 గంటలకి కుదించుకుపోతుంది.

దక్షిణార్ధగోళంలో ఇదంతా తిరగబడి ఉంటుంది. మనం రోహిణికార్తె ఎండల నుంచి తేరుకునే వేళకి ఆస్ట్రేలియాలో చలి మొదలవుతుంది. అంటార్కిటికాలోని వోస్తోక్ కేంద్రంలో మైనస్ 89.2 డిగ్రీలు నమోదైంది కూడా జులైలోనే, 1983 జులై 21న.

ఒరుగు ఒక్కటే సరిపోదు, సముద్రం కూడా చూడాలి. నార్వేలో బెర్గెన్, సైబీరియాలో యాకుత్స్క్ రెండూ ఉత్తరాన 60 డిగ్రీల చుట్టుపక్కలే. బెర్గెన్ రేవు ఒడ్డున జనవరి సగటు సున్నాకి కాస్త పైనే ఉంటుంది. యాకుత్స్క్‌లో మైనస్ 35 కంటే కిందకి పోతుంది. ఒకదాని పక్కన వెచ్చటి అట్లాంటిక్ నీళ్ళున్నాయి, రెండోదాని చుట్టూ వేల కిలోమీటర్ల నేల ఉంది. నీరు వేడిని తొందరగా వదలదు, నేల వదిలేస్తుంది. భావనపాడు ఒడ్డున ఒక దుప్పటి చాలిన రాత్రి సీతంపేట కొండల్లో రెండు రగ్గులు చాలకపోవడానికి కారణం కూడా ఇదే. దానికి తోడు కొండ మీద ఎత్తు, లోయలో తెరిపి ఆకాశం. మబ్బు లేని రాత్రి నేల వేడి పైకి పోతుంది, చల్లగాలి బరువెక్కి గిన్నెలో నీళ్ళలా అడుగున నిలిచిపోతుంది. తెల్లవారుజామున ఊరి పొగంతా పైకి లేవకుండా ఇళ్ళ కప్పుల మీద చాపలా పరుచుకుని కనబడుతుంది చూడండి, అదే.

అంటే మన చలి చిన్నదే. చిన్నది కాబట్టే ఇళ్ళలో దానికి తగ్గ ఏర్పాటేదీ ఉండదు. పొగగొట్టం లేదు, హీటర్ లేదు, ఏ గోడా చలి కోసం కట్టింది కాదు. చలి నాలుగు డిగ్రీలు ఎక్కువైతే చేతికి దొరికేది బొగ్గే.

అందరూ చేసే తప్పు ఒకటే

కట్టె మండేటప్పుడు పొగ వస్తుంది, కళ్ళు మండుతాయి. ఆ మంటని ఎవరూ పడగ్గదిలోకి తేరు. ఆరుబయట పెట్టి, మంట తగ్గి, పొగ పోయి, బొగ్గులు ఎర్రగా కణకణలాడేదాకా ఆగుతారు. "ఇంక పొగ లేదు" అనుకుని అప్పుడు లోపలికి తెస్తారు. తలుపు వేస్తారు.

సరిగ్గా అప్పుడే కార్బన్ మోనాక్సైడ్ తయారవుతూ ఉంటుంది. దానికి రంగు లేదు, వాసన లేదు. రక్తంలో ఆక్సిజన్ కూర్చోవాల్సిన చోట అది కూర్చుంటుంది, ఆక్సిజన్ కంటే 200 రెట్లకి పైగా గట్టిగా అంటుకుంటుంది. ముందు తలనొప్పి, తరవాత వికారం, కాళ్ళలో నీరసం, ఆపైన నిద్ర. నిద్రలో ఉన్నవాడికి అవేవీ తెలియవు.

లడఖ్ వైపు రోడ్డు పని చేసే కూలీల రేకుల షెడ్డు ఒకటి మా దారిలో ఉండేది. ఐదుగురు ఉండేవాళ్ళు. గాలి రాకుండా రేకుల సందులన్నిట్లో గోనెసంచులు కుక్కుకున్నారు. ఒక పొద్దున్న షెడ్డు నుంచి ఎవరూ బయటికి రాలేదు. మేం తలుపు తన్ని లోపలికి వెళ్ళేసరికి ఇద్దరు పోయారు. ఇద్దరికి స్పృహ లేదు. తలుపు పక్కన పడుకున్న కుర్రాడు ఒక్కడే మాట్లాడాడు. అతని తల దగ్గర గోనెసంచి జారిపోయి సందు తెరుచుకుంది, అదీ అతని అదృష్టం. "పొగ లేదు సాబ్, పొగ పోయాకే లోపల పెట్టాం" అన్నాడు. రెండుసార్లు అన్నాడు.

ఆ మాట ఒక్క లడఖ్‌ది కాదు. రష్యా పల్లెల్లో ఇటుకల పొయ్యి ఉంటుంది, దానికి పొగగొట్టం, గొట్టానికి మూత. వేడి పోకూడదని, పొగ ఆగింది కదా అని, బొగ్గులు పూర్తిగా చల్లారకముందే మూత వేసిన ఇళ్ళు అక్కడ ఎన్నో ఆరిపోయాయి. కొరియాలో నేల కింద బొగ్గు బిళ్ళలు కాల్చి గదిని వెచ్చబరిచేవాళ్ళు. నేల పగుళ్ళలోంచి ఈ విషగాలి లోపలికి చేరి ఒకప్పుడు ఏటా ఎంతోమంది పోయేవాళ్ళు. అమెరికాలో టెక్సాస్ మన లాగే వేడి ప్రాంతం. 2021 ఫిబ్రవరిలో మంచు తుఫాను వచ్చి కరెంటు పోతే, మాంసం కాల్చుకునే బొగ్గుల పొయ్యిలు ఇళ్ళలో పెట్టుకుని, గరాజుల్లో కార్లు ఆన్ చేసుకుని వందలమంది ఆసుపత్రుల పాలయ్యారు. చలికి అలవాటు లేని చోట కూడా ఈ తప్పు జరుగుతుంది. మన జిల్లాలూ అలాంటి చోటే.

బాలింత గది

ఇది విడిగా చెప్పాలి. నాలుగేళ్ళ కింద డిసెంబరులో మా చెల్లెలి కూతురికి విజయనగరం దగ్గర పురుడు పోశారు. కొత్తగా కట్టిన స్లాబు ఇల్లు, అల్యూమినియం కిటికీలు. మంచం కింద కుంపటి, దాని మీద సాంబ్రాణి, కిటికీ సందుల్లో పాత చీరలు. నేను మూడో రోజు వెళ్ళాను. బాలింతకి రెండు రోజులుగా తలనొప్పి, వాంతులు. బిడ్డ పాలు తాగకుండా మగతగా పడి ఉంది. గాలి సోకిందని ఒకరు, దిష్టి అని ఒకరు అంటున్నారు. నేను కిటికీ తీసి కుంపటి పెరట్లో పెట్టించాను. మా పెద్దమ్మకి కోపం వచ్చింది. "మేమందరం కుంపటి పక్కన పడుకునే పెరిగాం కాదేటి? నలుగుర్ని కన్నాను, ఎవులికేటైంది?" అంది.

పెద్దమ్మ అబద్ధం చెప్పలేదు. కాకపోతే ఆవిడ కన్నది పూరింట్లో, పెంకుటింట్లో. పెంకుల సందుల్లోంచి, చూరులోంచి ఇల్లు ఊపిరి తీసుకునేది. స్లాబు ఇంటికి ఆ సందులు లేవు. కుంపటి పాతదే, ఇల్లు కొత్తది. అందరినీ తీసుకుని ఆసుపత్రికి వెళ్ళాం, ఆక్సిజన్ పెట్టారు, ఇద్దరూ కోలుకున్నారు.

కాబట్టి: బాలింత గదిలో కుంపటి వద్దు. సాంబ్రాణి ధూపం వేయాలంటే తలుపులు తీసి ఉంచండి, ధూపం వేశాక నిప్పులు బయట పెట్టేయండి. తల్లికి, బిడ్డకి వెచ్చదనం కావాలంటే బిడ్డని తల్లి ఒంటికి ఆనించి దుప్పటి కప్పండి. అంతకంటే మంచి కుంపటి లేదు.

జనం నమ్మే అబద్ధాలు

గదిలో నీళ్ళ గిన్నె పెడితే విషగాలిని పీల్చుకుంటుందని అంటారు. పీల్చుకోదు. దీపం వెలుగుతోంది కాబట్టి గాలి బాగానే ఉందని అంటారు. మనిషి పోయాక కూడా దీపం వెలుగుతుంది. మంచం మీద పడుకుంటే ఏమీ కాదంటారు. ఈ గాలి నేలని, మంచాన్ని చూసి ఎంచుకోదు. కరోనా నాటి ఆక్సీమీటర్ వేలికి పెట్టి "98 ఉంది, బాగానే ఉన్నాడు" అంటారు. కార్బన్ మోనాక్సైడ్ అంటుకున్న రక్తాన్ని కూడా ఆ మిషను ఆక్సిజన్ ఉన్న రక్తంగానే చూపిస్తుంది. ఆ అంకెని నమ్మి ఆగకండి.

ఇక మిగిలినవి, గుర్తొచ్చిన వరసలో.

బొగ్గులు లోపలికి తేకండి. పొగ ఉన్నా, లేకపోయినా. గది పెద్దదైనా. ఐదు నిమిషాలకైనా, ఎందుకంటే ఐదు నిమిషాలకని తెచ్చినవాళ్ళు ఐదు నిమిషాల్లో నిద్రపోతారు.

భోగి మంట మీద నీళ్ళు కాచుకోండి, పోసుకోండి, నిప్పులు మాత్రం ఇంట్లోకి తేకండి. భోగి మంటలో టైర్లు వేయకండి.

కళ్ళాల దగ్గర వరి కాపలాకి పడుకునేవాళ్ళు గడ్డివాముకి ఆనుకుని చలిమంట వేయకండి. రొయ్యల చెరువు దగ్గర పాకలో పరదా దించేసి లోపల కుంపటి పెట్టుకోకండి. పరదా కూడా గోడే.

బాత్రూమ్‌లో గ్యాస్ గీజర్ ఉంటే, గాలి పోయే కంత లేకపోతే, ముందు కంత కొట్టించండి. పిల్లల్ని లోపలికి పంపి గడియ వేసుకోమనకండి.

తుఫానుల కాలం, చలికాలం మన దగ్గర కలిసే వస్తాయి. 2018లో తిత్లీ తరవాత ఉద్దానంలో ఎన్ని రోజులు కరెంటు లేదో తెలుసు కదా. జనరేటర్ వరండాలో పెట్టకండి, కిటికీ కింద పెట్టకండి. ఇంటికి కనీసం ఇరవై అడుగుల దూరంలో పెట్టండి. వాన పడుతోందా, పడనీయండి, పైన రేకు కప్పుకోండి.

పదహారో నంబరు హైవే మీద పొగమంచు పట్టినప్పుడు హై బీమ్ వేయకండి, ఆ వెలుగు తిరిగి మీ కళ్ళలోనే పడుతుంది. రోడ్డు పక్కన కారు ఆపి, ఇంజిన్ ఆన్‌లో ఉంచి, అద్దాలు బిగించి కునుకు తీయకండి. గడ్డి ట్రాక్టరు వాళ్ళు వెనకాల ఎర్ర రేడియం అతికించండి. వంద రూపాయల పని.

జనవరి చదువులకి కెనడా, అమెరికా పోయే పిల్లలకి: కారు మీద మంచు పడితే ముందు పొగగొట్టం దగ్గర తవ్వండి, తరవాతే స్టార్ట్ చేయండి. గొట్టం మూసుకుపోతే ఆ గాలి మీ సీటు కిందకే వస్తుంది. మూసిన గరాజులో ఇంజిన్ వేడెక్కించకండి. గదిలో కార్బన్ మోనాక్సైడ్ అలారం ఉంటే, మోతగా ఉందని బ్యాటరీ పీకేయకండి. మోగితే బయటికి నడవండి, తరవాత ఫోన్ చేయండి. వేళ్ళు తెల్లబడి స్పర్శ పోతే రుద్దకండి, పొయ్యి దగ్గర పెట్టకండి, గోరువెచ్చని నీళ్ళలో ఉంచండి. తడిసిన జీన్స్ వెంటనే విప్పేయండి. మందు తాగితే వెచ్చగా అనిపిస్తుంది, ఒంట్లో వేడి మాత్రం పోతుంది.

ఒకే గదిలో ఇద్దరికి ఒకేసారి తలనొప్పి వస్తే అది జలుబు కాదు. బయటికి రండి. బయటికి వచ్చాక తగ్గితే మళ్ళీ లోపలికి వెళ్ళకండి.

ఎవరైనా లేవకపోతే: తలుపులు, కిటికీలు తెరవండి, పగలగొట్టాల్సి వస్తే పగలగొట్టండి. మనిషిని బయటికి లాగండి. నిప్పులు తరవాత చూసుకోవచ్చు. 108కి ఫోన్ చేయండి. గదిలో బొగ్గులు పెట్టామని డాక్టరుకి చెప్పండి, సిగ్గుపడకండి, చెప్పకపోతే ఆయన వేరే జబ్బు వెతుకుతాడు. లోపల ఊపిరాడడం లేదనిపిస్తే మీరు లోపల నిలబడి ఆలోచించకండి.

బొగ్గులు లోపలికి తేకండి. ఇది మళ్ళీ రాస్తున్నాను, ఎందుకంటే పోయిన ఏడు ఇదే చెప్పిన ఇంట్లో ఈ ఏడు మళ్ళీ కుంపటి చూశాను. పొగ లేదు కదా మావయ్యా, అన్నాడు ఆ ఇంటివాడు.

ఈ రాత్రి పడుకునే ముందు ముసలివాళ్ళ గదిలోకి ఒకసారి వెళ్ళి చూడండి. కిటికీ సందుల్లో గోనెసంచులు, పాత చీరలు కుక్కి ఉంటే రెండు చోట్ల తీసేయండి. చలేస్తుందని తిడతారు. ఇంకో రగ్గు ఇవ్వండి.