భూ ఆక్రమణ అప్పీలు నెలల తరబడి తేలకపోతే: హైకోర్టు ఉత్తర్వు ఎలా తెచ్చుకోవాలి (విశాఖపట్నం)

ప్రభుత్వ స్థలం ఆక్రమించారంటూ 1905 నాటి భూ ఆక్రమణల చట్టం సెక్షన్ 6 కింద తహసీల్దారు ఖాళీ చేయమన్నారు. మీరు సెక్షన్ 10 కింద అప్పీలు వేశారు. విచారణకు పిలుపే రాలేదు. ఇలాంటప్పుడు రాజ్యాంగం ఆర్టికల్ 226 కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వేసి, ఆ అప్పీలును గడువు పెట్టి తేల్చమని అధికారిని ఆదేశించాలని కోరవచ్చు. స్థలం మీదేనని ప్రకటించమని అందులో కలపకండి. హక్కు వివాదమైతే సివిల్ కోర్టుకు వెళ్లమంటారు.

ముందు మీరు వేసింది అప్పీలేనా అన్నది చూసుకోండి. సోమవారం పీజీఆర్‌ఎస్‌లో (ప్రజా ఫిర్యాదుల పరిష్కార వేదిక) ఇచ్చిన అర్జీ రసీదును పట్టుకుని అప్పీలు పెండింగ్‌లో ఉందనుకునేవాళ్లు తక్కువేం కాదు. అర్జీ అర్జీయే. అప్పీలుకు తహసీల్దారు ఉత్తర్వు నకలు జతపడాలి. ఆఫీసు ముద్ర, తేదీ, ఇన్‌వర్డ్ నంబరు ఉన్న ప్రతి మీ చేతిలో ఉండాలి. గడువు దాటాక వేసివుంటే ఆలస్యానికి కారణం చూపే పిటిషనూ కావాలి. ప్లాను అతిక్రమణకు జీవీఎంసీ (విశాఖ నగరపాలక సంస్థ) ఇచ్చిన నోటీసైతే అది వేరే చట్టం, ఈ దారి పనికిరాదు.

తర్వాత ఫైలు ఎక్కడుందో కనుక్కోండి. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు విడిపోయాయి. సబ్బవరం, పరవాడ అనకాపల్లి జిల్లాకు వెళ్లాయి. ఆనందపురం, పద్మనాభం భీమిలి డివిజన్‌లో చేరాయి. తప్పు అధికారిని ప్రతివాదిగా చేరిస్తే ‘ఫైలు మా దగ్గర లేదు’ అన్న జవాబుతో ఒక వాయిదా పోతుంది. సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి, 30 రోజుల్లో జవాబు ఇవ్వాలి. ఈలోగా స్పీడ్ పోస్టులో ఒక రిమైండర్ పంపి రసీదు దాచండి.

రిట్‌కు కావలసినవి: సెక్షన్ 7 నోటీసు, దానికి మీ జవాబు, సెక్షన్ 6 ఉత్తర్వు, అప్పీలు ప్రతి, రిమైండర్ రసీదు, అడంగల్ (గ్రామ భూమి రికార్డు) లేదా ఇంటి పన్ను, కరెంటు బిల్లులు, అఫిడవిట్, వకాలత్. హైకోర్టు వ్యవహారం ఇంగ్లీషులో నడుస్తుంది కాబట్టి తెలుగు కాగితాలకు అనువాదం సిద్ధం చేసుకోండి. విశాఖలో బెంచి లేదు, కేసు అమరావతిలోనే.

అందరూ మరిచేది ఒకటుంది. అప్పీలు తేల్చమన్నంత మాత్రాన పొక్లెయిన్ ఆగదు. తేలేదాకా ఖాళీ చేయించవద్దని విడిగా అడగాలి. గెడ్డ (వాగు) పోరంబోకో చెరువు గర్భమో అయితే ఆ రక్షణ దొరకడం కష్టం.

కోర్టు పెట్టిన గడువు సాధారణంగా ఉత్తర్వు ప్రతి అధికారికి అందిన రోజు నుంచి లెక్కకొస్తుంది. ఎవరో పంపుతారని కూర్చోకండి. కవరింగ్ లెటర్‌తో మీరే ఇచ్చి ముద్ర వేయించుకోండి. ఆ ముద్ర లేకపోతే కోర్టు ధిక్కార పిటిషన్ నిలవడం కష్టం. అది కూడా ఉల్లంఘన జరిగిన ఏడాదిలోపే వేయాలి.

విచారణకు తప్పక హాజరుకండి. హక్కుపై నిజమైన వివాదముంటే తుమ్మల కృష్ణారావు కేసులో 1982 నాటి సుప్రీంకోర్టు తీర్పు ప్రతిని దాఖలు చేయండి: అలాంటి చోట ఈ చట్టం కింద చకచకా ఖాళీ చేయించడం కుదరదని అందులో ఉంది. అయినా అప్పీలు కొట్టేయవచ్చు. కారణాలు రాయకుండా రెండు వాక్యాల్లో కొట్టేస్తే, ఆ ఉత్తర్వుపై మళ్లీ రిట్ వేయడానికి అదే ఆధారం.