సుట్టబట్టలో చీటీ: నల్లగొండ రహస్య పోరాటం మీద నవల రాయడం ఎలా?

రెండో ప్రపంచ యుద్ధం నాటి గూఢచారుల నవలలు ఇష్టంగా చదివేవాళ్లు మన దగ్గర చాలామందే ఉన్నారు. పారిస్‌లో చీకటి గది, సూట్‌కేసులో వైర్‌లెస్ సెట్టు, మెట్ల మీద బూట్ల చప్పుడు. చదివాక కొందరికి తామూ ఒకటి రాయాలనిపిస్తుంది. కలం పట్టగానే కథ పారిస్‌కో బెర్లిన్‌కో పరుగెత్తుతుంది. నల్లగొండలో పుట్టినవాళ్లు అంత దూరం పోవాల్సిన పనిలేదు. కమ్యూనిస్టుల నాయకత్వంలో నిజాం మీదా దొరల మీదా మొదలైన తెలంగాణ సాయుధ పోరాటంలో, 1946 నుంచి 1951 దాకా, ఈ జిల్లా ఊళ్లలో చీటీలు మోసినవాళ్లు, డెన్‌లు నడిపినవాళ్లు, పోలీసు వస్తున్నాడని ముందే పసిగట్టి ఊరిని లేపినవాళ్లు ఉన్నారు. వాళ్లలో ఎక్కువమంది పేర్లు ఎక్కడా అచ్చు కాలేదు. వాళ్ల మీద నవల రాయాలనుకునేవాళ్ల కోసమే ఇది. ఎక్కడ మొదలుపెట్టాలి, ఏం సేకరించాలి, ఎక్కడ తప్పు పోతుంది అన్నవి నాకు తెలిసినంతలో చెప్తాను.

మొదట ఒక పనిని ఎంచుకోండి

అందరికీ దళ కమాండర్‌తోనే మొదలుపెట్టాలనిపిస్తుంది. అది సహజమే. మల్లు స్వరాజ్యం జీవితం చూడండి. కరివిరాల కొత్తగూడెంలో భూములున్న ఇంట్లో పుట్టిన పిల్ల ఇరవై ఏళ్లు నిండకముందే తుపాకీ పట్టి దళాన్ని నడిపింది. అలాంటివాళ్ల గురించి వాళ్లే చెప్పుకున్నారు, ఇతరులూ రాశారు. నవలకు చోటు మిగిలింది వాళ్ల వెనక నడిచినవాళ్ల దగ్గర.

కాబట్టి మనిషి కన్నా ముందు పనిని ఎంచుకోండి. కొరియర్ పని ఉంది. డెన్ నడిపే ఇల్లు ఉంది, అంటే అజ్ఞాతంలో ఉన్నవాళ్లను దాచి అన్నం పెట్టే ఇల్లు. దొర గడిలోకీ పేదల గుడిసెల్లోకీ ఒకే రోజు పోగలిగే చాకలి ఉన్నాడు. నన్ను అడిగితే అందరికన్నా గొప్ప పాత్ర సేతుసింధి. పటేల్, పట్వారీ చెప్పిన పనులు మోసే ఊరి నౌకరు అతను. అమీన్ సాబ్, అంటే పోలీసు అధికారి, ఊరికి వస్తే కోడి ఎవరింట పట్టాలో, మంచం ఎవరింటి నుంచి తేవాలో ముందు తెలిసేది అతనికే. అంటే పోలీసు ఎప్పుడు వస్తాడో కూడా అతనికే ముందు తెలుస్తుంది. వెట్టి చేసేది అతనే, వెట్టి చేయించేవాళ్ల గుట్టు తెలిసిందీ అతనికే. ఏ దేశపు గూఢచారి నవలలోనైనా ఇంతకన్నా ఇరుకున పడ్డ మనిషి దొరకడు.

ఒక్క దారిని కాళ్లతో కొలవండి

జిల్లా మొత్తం మీద నవల రాస్తే ఎక్కడా మట్టి అంటదు. ఒక దారి తీసుకోండి. నేనైతే మునగాల దారి తీసుకుంటాను. అప్పట్లో మునగాల పరగణా బ్రిటిష్ వాళ్ల కృష్ణా జిల్లాలో భాగం. చుట్టూ మాత్రం నిజాం ఊళ్లే. 1959లో గానీ అది నల్లగొండ జిల్లాలో కలవలేదు. సూర్యాపేట నుంచి ముప్పై కిలోమీటర్ల లోపే మరో రాజ్యం, మరో పోలీసు, మరో రూపాయి. మధ్యలో కరోడ్‌గిరి నాకా, అంటే నిజాం సుంకం చౌకీ. యూరప్ నవలల్లో సరిహద్దు దాటడానికి రచయితలు వంద పేజీలు ఖర్చు పెడతారు. మనకు ఒక జొన్నచేను అడ్డంగా దాటితే సరిహద్దు.

ఆ దారిలో ఒకసారి తెల్లారుజామున నడవండి. కారులో పోతే లాభం లేదు. ఏ మలుపు దగ్గర మనిషి దూరం నుంచి కనిపిస్తాడు, ఎక్కడ తాటివనం దాచిపెడుతుంది, నెత్తిన బరువుతో కోసు దూరం పోవడానికి ఎంతసేపు పడుతుంది, ఇవన్నీ రాసుకోండి. కోసు అంటే దాదాపు రెండు మైళ్లు. మీ పాత్ర కిలోమీటర్లలో ఆలోచించదు.

నడిచేటప్పుడు ఒక జాగ్రత్త. ఇప్పుడు కళ్లకు కనిపించేవన్నీ అప్పుడు లేవు. తెలిసినవాళ్ల రాతప్రతి ఒకటి చదివాను. 1947లో మిర్యాలగూడ పక్కన కాలువ గట్టు మీద ఇద్దరు కొరియర్లు కలుసుకుంటారు, చుట్టూ పచ్చటి వరి. చదవడానికి ఎంతో బాగుంది. కానీ నాగార్జునసాగర్‌కు శంకుస్థాపన జరిగిందే 1955 డిసెంబర్ 10న. 1947లో ఆ కాలువా లేదు, ఆ వరీ లేదు. మెట్ట చేలు, జొన్న, సజ్జ, ఆముదం, అక్కడక్కడ చెరువు కింద కాస్త వరి. నల్లగొండ పట్నానికి రైలు కూడా లేదు. రైలు ఎక్కాలంటే భువనగిరికో ఆలేరుకో పోవాలి.

పంచాంగం, పైసలు

ఈ రెండూ సరిగ్గా కుదిరితే నవల సగం నిలబడ్డట్టే.

రాత్రి నడిచే మనిషి కథలో చంద్రుడు ఒక పాత్ర. ఏ తేదీ రాసినా ఆ రాత్రి వెన్నెల ఎంతో చూసుకోండి. పోలీసు యాక్షన్, అంటే నిజాం రాజ్యం మీదికి భారత యూనియన్ సైన్యం రావడం, 1948 సెప్టెంబర్ 13న మొదలైంది. యూనియన్ సైన్యం పెద్ద భాగం షోలాపూర్ వైపు నుంచి, మరికొంత బెజవాడ నుంచి సూర్యాపేట మీదుగా వచ్చింది. 17న నిజాం లొంగిపోయాడు. 18న భాద్రపద పౌర్ణమి. అంటే ఆ వారమంతా వెన్నెల పెరుగుతున్న రోజులు. వానాకాలం కాబట్టి మబ్బులు ఉండొచ్చు. కానీ ఆ రాత్రుల మీద 'కారు చీకట్లో' అని రాస్తే కథ అబద్ధమైపోతుంది. పక్షం రోజులకు వచ్చిన అమావాస్యకే ఎంగిలిపువ్వు బతుకమ్మ. నిజాం తరఫున ఊళ్ల మీద పడ్డ సాయుధ దండు రజాకార్ల భయం పోయాక వచ్చిన మొదటి బతుకమ్మ అది. దాని మీద ఒక అధ్యాయం రాయకుండా నేనైతే ఉండలేను.

పాత కాగితాల్లో తేదీలు ఫసలీ లెక్కలో, అంటే నిజాం సర్కారు వాడిన క్యాలెండర్ ప్రకారం, ఉంటాయి. హైదరాబాద్ ఫసలీ సంవత్సరం అక్టోబర్ మొదట్లో ఆజూర్ నెలతో మొదలవుతుంది. ఫసలీకి 590 కలిపితే అది మొదలైన ఇంగ్లీషు సంవత్సరం వస్తుంది. 1357 ఫసలీ అంటే 1947 అక్టోబర్ నుంచి 1948 అక్టోబర్ దాకా. ఈ లెక్క తెలియక ఒక ఏడాది అటూ ఇటూ అయితే రజాకార్లు రాకముందే వచ్చేస్తారు.

ఇక పైసలు. నిజాం రాజ్యంలో హాలీ సిక్కా, బ్రిటిష్ వైపు కల్దార్. ఏడు హాలీ రూపాయలకు ఆరు కల్దార్లు. స్వాతంత్ర్యం వచ్చాక 1947 చివర్లో నిజాం సర్కారు తన రాజ్యంలో ఇండియా రూపాయి చెల్లదని ఆర్డినెన్స్ తెచ్చింది. ఆలోచించండి. మునగాల వైపు నుంచి వచ్చే ఆడమనిషి కొంగు ముడిలో ఒక్క కల్దార్ మిగిలిపోయింది. నాకా దగ్గర సిపాయి ఆ ముడి విప్పమన్నాడు. టెన్షన్ కోసం పిస్తోలు అక్కర్లేదు.

పెద్దవాళ్లను అడగడం

1948లో పదేళ్లున్నవాళ్లకు ఇప్పుడు తొంభైకి దగ్గర. కాబట్టి వచ్చే ఏడాది కాదు, ఈ నెలలోనే పోండి.

పోయి 'అమ్మా, అప్పట్లో మీకు భయమేసిందా?' అని అడగకండి. ఏసింది అంటారు, అక్కడితో మాట ఐపోతుంది. ఏం తిన్నారు, ఎవరింట పడుకున్నారు, చెప్పులున్నాయా, మొలకు ఏం కట్టుకున్నారు అని అడగండి. చేతులకు గుర్తున్నవి నోటికి ఆలస్యంగా వస్తాయి.

సూర్యాపేట వైపు ఒక ఊళ్లో ఒక అవ్వ దగ్గర కూచున్నాను. చీటీ ఎక్కడ దాచేవాళ్లు అని అడిగితే మొదట నవ్వి ఊరుకుంది. కాసేపటికి నా భుజం మీది టవల్ లాక్కుంది. దాన్ని పొడుగ్గా మెలిపెట్టి, వేళ్లకు చుట్టి, కొసను లోపలికి దోపింది. సుట్టబట్ట తయారైంది, కుండ కింద నెత్తి మీద పెట్టుకునేది. నా జేబులోంచి బస్సు టికెట్ తీసి, మడిచి మడిచి గోరంత చేసి, మెలికల మధ్యకు నెట్టింది. 'సూడు బిడ్డా. వాడు కుండ దించమంటడు. సల్లల కట్టె పెట్టి కెలుకుతడు. గంప గుమ్మరిస్తడు. సుట్టబట్ట నా చేతిలనే ఉంటది. చెమట తుడుసుకుంట నిలబడ్త.' అని ఆ బట్టతోనే మొహం తుడుచుకుని చూపించింది. టికెట్ ఉన్నట్టు నాకు తెలుసు, అయినా కనపడలేదు.

ఆ రోజు నాకు లండన్‌లోని ఎస్‌ఓఈ గుర్తొచ్చింది. జర్మన్ల ఆక్రమణలో ఉన్న దేశాలకు రహస్య ఏజెంట్లను పంపిన బ్రిటిష్ సంస్థ అది. మొదట్లో వాళ్ల ఏజెంట్లు కంఠస్థం చేసిన పద్యం ఆధారంగా సంకేతాలు రాసేవాళ్లు. పద్యం దొరికితే శత్రువుకు సంకేతమంతా దొరికినట్టే. అందుకే లియో మార్క్స్ అనే యువకుడు పట్టుబట్టి సంకేతాలను పట్టుగుడ్డ మీద అచ్చు వేయించాడు. ఒంటి మీద తడిమితే కాగితం గరగరమంటుంది, గుడ్డ అనదు. ఆ సంగతి ఏ సంస్థా చెప్పకుండానే మా అవ్వకు తెలుసు.

మాటలు రికార్డు చేసేముందు అనుమతి అడగండి. ఎవరి ఇంటివాళ్లు ఎవరిని పట్టించారో కూడా చెప్తారు. ఆ పేర్లు నవలలోకి రావొద్దు. ఆ కుటుంబాలు ఇంకా అదే వాడలో ఉన్నాయి. ఆడవాళ్ల మాటలు ఎలా వినాలో తెలియాలంటే స్త్రీశక్తి సంఘటన వాళ్లు తెచ్చిన 'మనకు తెలియని మన చరిత్ర' తప్పకుండా చదవండి. సర్కారు కాగితాల కోసం తార్నాకలోని స్టేట్ ఆర్కైవ్స్ ఉంది. చాలావరకు ఉర్దూలో ఉంటాయి కాబట్టి చదివిపెట్టే తోడు ఒకరిని వెంట తీసుకుపోండి.

ఎవరికి ఏం తెలుసు?

ఒక పెద్ద కాగితం తీసి గళ్లు గీయండి. నిలువుగా పాత్రల పేర్లు, అడ్డంగా అధ్యాయాలు. ప్రతి గడిలో ఆ పాత్రకు అప్పటికి ఏం తెలుసో రాయండి. ఇది విసుగు పుట్టించే పనే, కానీ గూఢచారి నవలకు వెన్నెముక ఇదే. రహస్య సంస్థలో కొరియర్‌కు ఇద్దరే తెలియాలి, చీటీ ఇచ్చినవాళ్లు, పుచ్చుకునేవాళ్లు. ఎక్కువ తెలిస్తే దెబ్బలకు తట్టుకోలేక ఎక్కువ చెప్తారు.

ఈ నియమం తప్పితే ఏమవుతుందో నూర్ ఇనాయత్ ఖాన్ జీవితం చెప్తుంది. టిప్పు సుల్తాన్ వంశపు ఆడబిడ్డ, ఎస్‌ఓఈ ఏజెంట్. తండ్రి ఇనాయత్ ఖాన్ హైదరాబాద్‌లోనే సూఫీ గురువు దగ్గర నేర్చుకున్నవాడు. ఆమె 1943 జూన్‌లో వైర్‌లెస్ ఆపరేటర్‌గా ఫ్రాన్స్‌లో దిగింది. చుట్టూ ఉన్నవాళ్లంతా దొరికిపోయినా పారిస్ వదల్లేదు. ఆమెను ఎవరో పట్టించారు. పంపిన సందేశాలన్నీ రాసి పెట్టుకున్న నోటుబుక్ కూడా జర్మన్లకు దొరికింది. దాని సాయంతో ఆమె పంపుతున్నట్టే వాళ్లు లండన్‌కు సందేశాలు పంపారు. ఆమె మాత్రం వాళ్లకు లొంగలేదు. 1944 సెప్టెంబర్ 13న డాకౌ నిర్బంధ శిబిరంలో కాల్చి చంపారు. అంత ధైర్యం, అంత చిన్న పొరపాటు ఒకే మనిషిలో ఉన్నాయి. మీ పాత్రకూ అలాంటి పొరపాటు ఒకటి ఇవ్వండి. అది పిరికితనం నుంచి కాక మంచితనం నుంచి వచ్చేదై ఉండాలి.

పాత్రకు తెలియనిది కూడా కథే. 1948లో సిడ్నీ కాటన్ అనే ఆస్ట్రేలియా వైమానికుడు కరాచీ నుంచి నిజాంకు దొంగచాటుగా విమానాల్లో ఆయుధాలు చేరవేశాడు. అదే మనిషి 1939లో యుద్ధానికి ముందు మామూలు విమానంలో కెమెరాలు దాచి జర్మనీని ఫోటోలు తీశాడు. చేను కావలి ఉన్న మీ పిల్లగాడికి ఇవేవీ తెలియవు. ఎప్పుడన్నా రాత్రిపూట ఆకాశంలో ఒక మోత వినపడుతుంది, అంతే. అక్కడ వివరణ రాయకండి.

పట్టించినవాడు, పక్క వాడ

ఇన్ఫార్మర్‌ను మొదటి పేజీ నుంచే కుళ్లిన మనిషిగా చూపిస్తే చదివేవాడికి ఏ ప్రశ్నా మిగలదు. బాకీ ఉన్నవాడు, కొడుకును అమీన్ పట్టుకుపోయినవాడు, పొలం తగాదాలో పోరాటం నడిపిన సంఘం తనకు అన్యాయం చేసిందనుకున్నవాడు, వీళ్లలో ఎవరైనా పట్టించొచ్చు. దళాల చేతుల్లో ఇన్ఫార్మర్లని చనిపోయినవాళ్లూ ఉన్నారు. ఆ నిర్ణయం తీసుకునే రాత్రిని దాటవేయకండి.

రజాకార్లు అన్న మాటను ముస్లింలు అన్న మాటకు బదులు వాడకండి. పెద్ద భూస్వామి విసునూరు దేశ్‌ముఖ్‌ను కోర్టులో ఎదిరించి ప్రాణం పోగొట్టుకున్న షేక్ బందగీ ఈ గడ్డవాడే. రజాకార్లకు వ్యతిరేకంగా రాసినందుకు 1948 ఆగస్టులో హైదరాబాద్ వీధిలో హత్యకు గురైన షోయబుల్లా ఖాన్ పత్రికా సంపాదకుడు. పోలీసు యాక్షన్ తర్వాత రాజ్యంలో చాలాచోట్ల ఏ పాపం ఎరగని ముస్లింలు చనిపోయారు. మీ ఊళ్లో దూదేకుల ఇల్లు, గాజులమ్మే సాయిబు ఉండే ఉంటారు. వాళ్లు కథలో ఎక్కడున్నారో చూసుకోండి.

1948 సెప్టెంబర్ దగ్గర కథ ఆపేయాలనిపిస్తుంది, కానీ అసలు చిక్కు అక్కడే మొదలవుతుంది. రజాకార్లు ఉన్నప్పుడు ఊరంతా ఒకటి. జనం దండలేసి ఎదురెళ్లిన సైన్యమే తర్వాత దళాల కోసం వెతికింది. పారిపోయిన దొరలు కొందరు ఆ సైన్యం వెనకే తిరిగొచ్చారు. ఆగస్టులో భద్రంగా ఉన్న డెన్ నవంబర్‌లో భద్రం కాదు. నిన్న అన్నం పెట్టిన చెయ్యి ఈ రోజు తలుపు తీయడానికి సందేహిస్తుంది. 1951 అక్టోబర్‌లో పోరాటం విరమించేదాకా మూడేళ్లు ఇలాగే గడిచాయి. నా దృష్టిలో నవల ఉన్నది ఈ మూడేళ్లలోనే.

రాశాక చదివి వినిపించండి

రాతప్రతి పూర్తి కాకపోయినా ఫర్వాలేదు. ఒక్క అధ్యాయం అయ్యాక ఆ పెద్దవాళ్ల దగ్గరకే పోయి చదవండి. కథనం మామూలు తెలుగులో ఉన్నా మాటలు ఆ ఊరి యాసలో ఉండాలి. ఎక్కడ కుదరలేదో వాళ్లే చెప్తారు.

నేను ఆ అవ్వకు చదివింది, అర్ధరాత్రి కొరియర్ ఊళ్లోకి అడుగుపెట్టే అధ్యాయం. వెన్నెల సరిచూసుకున్నాను, దారి సరిచూసుకున్నాను. కళ్లు మూసుకుని విన్నది. మధ్యలో చెయ్యెత్తి ఆపింది.

'కుక్కలేవి బిడ్డా?'

నాకు వెంటనే అర్థం కాలేదు.

'కొత్త మనిషి నడిజామున వాడలకొస్తే కుక్కలు ఊకుంటయా? మేం సద్దిరొట్టె ముక్కలు ఒళ్లె పెట్టుకపోతుంటిమి. ముందుగాల కుక్కకు, ఎనుక మనిషికి.'

నోట్‌బుక్ తీసి ఆ మాట అక్కడే రాసుకున్నాను.