నిద్రలో ఒళ్లు బిగుసుకుపోవడం: పరీక్షల కాలంలో హాస్టళ్లు తీసుకోవలసిన జాగ్రత్తలు

ఫిబ్రవరి, మార్చి నెలలు వచ్చేసరికి ఇంటర్ హాస్టళ్లలో ఒక భయం పాకుతుంది. ఒక విద్యార్థికి తెల్లవారుజామున మెలకువ వస్తుంది. కళ్లు తెరుచుకునే ఉంటాయి, గది కనిపిస్తూనే ఉంటుంది, కానీ కాలూ చెయ్యీ కదలవు, గొంతు పెగలదు, గుండెల మీద ఎవరో కూర్చున్నట్టు ఉంటుంది. మర్నాడు టిఫిన్ దగ్గర ఆ మాట బయటపడుతుంది. కొద్ది రోజుల్లోనే పక్క గదిలో ఇంకొకరికి అదే ఆకారం కనిపిస్తుంది, ఆ మంచం మీద పడుకోవడానికి ఎవరూ ఒప్పుకోరు. ఒకే పీడకల ఇందరికి ఎలా వస్తుందన్న ప్రశ్నే దయ్యానికి రుజువుగా చలామణీ అవుతుంది. అందరిదీ ఒకే రకం నిద్రలేమి, అందరూ విన్నదీ ఒకే కథ అన్న సంగతి ఎవరికీ తట్టదు.

దీన్ని వైద్యులు స్లీప్ పెరాలిసిస్ అంటారు. కలలు ఎక్కువగా వచ్చే రెమ్ నిద్రలో, కలలో చేసే పనులను శరీరం నిజంగా చేయకుండా మెదడు కండరాలను సడలించి ఉంచుతుంది. ఊపిరికి ఆధారమైన ఉదర వితానం, కనుగుడ్లను తిప్పే కండరాలు మాత్రం పని చేస్తూనే ఉంటాయి. ఆ సడలింపు తొలగకముందే మెలకువ వస్తే, సగం కల, సగం గది కలిసిపోయి కనిపిస్తాయి. పక్కటెముకల మధ్య కండరాలు కూడా సడలి ఉండటం వల్ల నిండుగా ఊపిరి తీసుకోవాలనుకున్నా అందదు, ఛాతీ మీద బరువున్నట్టు అనిపించడానికి అదొక కారణం. ఇది కొన్ని సెకన్ల నుంచి కొద్ది నిమిషాల్లో దానంతటదే పోతుంది, ప్రాణానికి ముప్పు లేదు. జపాన్‌లో దీన్ని కనాషిబారి అన్నారు, కెనడాలోని న్యూఫౌండ్‌లాండ్‌లో ముసలి మంత్రగత్తె వచ్చి కూర్చుందన్నారు. 2011లో వెలువడిన ఒక సమీక్ష ప్రకారం సాధారణ జనంలో సుమారు 8 శాతం మంది, విద్యార్థుల్లో సుమారు 28 శాతం మంది జీవితంలో ఒక్కసారైనా దీన్ని చవిచూశారు.

విద్యార్థులకే ఎక్కువగా రావడంలో వింతేమీ లేదు. రాత్రి పన్నెండు దాకా నైట్ స్టడీ పెట్టి, నాలుగింటికే బెల్లు కొట్టి లేపితే, రెమ్ నిద్ర ఎక్కువగా ఉండే తెల్లవారుజామునే కోత పడుతుంది. 13 నుంచి 18 ఏళ్ల వారికి రోజుకు 8 నుంచి 10 గంటల నిద్ర అవసరమని నిద్ర వైద్య నిపుణుల సిఫార్సు. అంత కుదరని చోట కూడా పడుకునే వేళ, లేచే వేళ రోజూ ఒకటే ఉండేలా చూడటం అన్నిటికంటే ముఖ్యమైన జాగ్రత్త. టీ, కాఫీలలోని నిద్ర చెడగొట్టే కెఫీన్ ఒంట్లో సగానికి తగ్గడానికే సుమారు అయిదు గంటలు పడుతుంది కాబట్టి సాయంత్రం దాటాక వాటిని మానాలి. వెల్లకిలా పడుకున్నప్పుడు ఇది ఎక్కువగా వస్తుంది, అందుచేత పక్కకు తిరిగి పడుకోవడం అలవాటు చేసుకోవాలి.

గదిని కూడా ఒకసారి చూసుకోవాలి. మంచానికి ఎదురుగా కొక్కేనికి వేలాడే చొక్కా, ఫ్యాన్ గాలికి ఊగే తువ్వాలు ఆ సగం మెలకువలో మనిషి ఆకారం దాల్చడానికి చాలు. రాత్రి పడుకునే ముందు వాటిని తీసి మడిచి పెట్టడం, భయపడే పిల్లలున్న గదిలో చిన్న బెడ్‌లైటు వెలిగించి ఉంచడం మంచిది.

ఒళ్లు కదలనప్పుడు గింజుకోకూడదు, గింజుకున్న కొద్దీ భయమే పెరుగుతుంది. ఇది నిద్రలో ఒక దశ అని మనసులో అనుకుని, కళ్లు మూసుకుని, ఊపిరిని దాని దారిన వదిలి, ఒక్క వేలి కొసను కదపడానికి ప్రయత్నించాలి. గదిలోని మిత్రులకు ముందే చెప్పి ఉంచాలి: మూలుగు వినిపిస్తే పేరు పెట్టి పిలిచి భుజం తట్టితే చాలు, చాలాసార్లు అంతటితో విడిపోతుంది.

వార్డెన్లకు, తల్లిదండ్రులకు ఒక విన్నపం. బిడ్డ చెప్పిన మాటను నవ్వి కొట్టిపారేయకండి, గాలి సోకిందని భయాన్ని రెట్టింపూ చేయకండి. డెన్మార్క్, ఈజిప్టు ప్రజలను పోల్చిన ఒక పరిశోధనలో, దీన్ని అతీతశక్తుల పనిగా నమ్మేవారు ఎక్కువగా ఉన్న ఈజిప్టులోనే భయం తీవ్రంగా ఉన్నట్టు తేలింది. తాయెత్తు కట్టించుకుంటే మనసు కుదుటపడవచ్చు, కాని నిద్ర వేళలు మార్చకుండా దానితో సరిపెట్టుకుంటే మూలకారణం అలాగే ఉండిపోతుంది.

కదలలేకపోవడమంతా ఇదే అనుకోవడం కూడా ప్రమాదమే. నేల మీద పడుకున్నవారు లేచాక రెప్పలు వాలిపోయి, మింగడం కష్టమై, మాట ముద్దగా వస్తుంటే కట్లపాము కాటును అనుమానించాలి. ఆ కాటు నొప్పి లేకుండా, గాటు కూడా కనిపించకుండా ఉండవచ్చు కాబట్టి క్షణం ఆలస్యం చేయకుండా 108కి ఫోన్ చేసి ఆసుపత్రికి తీసుకువెళ్లాలి. నిద్ర లేచి చాలాసేపైనా కాళ్లూ చేతులూ బలం పుంజుకోకపోయినా వెంటనే వెళ్లాలి. పగటిపూట ఆపుకోలేని నిద్ర, గట్టిగా నవ్వినప్పుడు మోకాళ్లు సడలిపోవడం ఉంటే అది నార్కోలెప్సీ అనే నిద్ర జబ్బేమోనని నరాల వైద్యుడికి చూపించాలి. భయంతో పడుకోవడానికే జంకే స్థితి వస్తే ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయవాణి టెలీ మానస్ 14416కు ఉచితంగా ఫోన్ చేసి తెలుగులోనే మాట్లాడవచ్చు.